అరిస్టాటిలుకు అరబ్బీ దారి

కొన్నేండ్ల క్రిందట అరిస్టాటిల్ ‘పొయెటిక్స్’ను తెలుగు చేయవలెనని పూనుకొన్నాను. ఇంగ్లీషు అనువాదాలు నాలుగైదు ముందర పెట్టుకొని, గ్రీకు రాని లోటును వ్యాఖ్యానాలతో పూడ్చుకొంటూ అయిదు అధ్యాయాలు నడిపినాను. ఆరవ అధ్యాయంలో ట్రాజెడీకి నిర్వచనం వచ్చినది. అక్కడ కలం ఆగినది. ‘విషాదాంత నాటకం’ అన్నది మనకు అలవాటైన మాట. కాని ఆ మాట ఆరవ అధ్యాయంలో నిలిచినా పద్నాలుగవ అధ్యాయంలో నిలువదు. తెలియక ఆప్తుని చంపబోయిన పాత్ర చివరి క్షణంలో గుర్తుపట్టి ఆగిపోవడమే ఇతివృత్తాలలో ఉత్తమమైనదని అరిస్టాటిల్ అక్కడ అంటాడు. తమ్ముని బలి ఇవ్వబోయి గుర్తించి మానుకొన్న ఇఫిజెనియా కథ ఆయన చూపిన ఉదాహరణలలో ఒకటి. ఆ నాటకంలో అక్కాతమ్ముళ్లు సుఖంగా ఓడ ఎక్కి స్వదేశానికి పోతారు. విషాదాంత నాటకాలలో ఉత్తమమైనది సుఖాంతం అని నేను తెలుగులో వ్రాయవలసి వచ్చినది!

ఈ చిక్కు నాకు ఒక్కనికే వచ్చినదనుకొన్నాను. వెదకగా, వేయి సంవత్సరాలకు పూర్వమే బాగ్దాదులో ఒక పండితుడు సరిగా ఈ మాట దగ్గరనే కలం ఆపినాడని తెలిసినది. ఆయన కథ నన్ను నా అనువాదం కన్న ఎక్కువ కాలం పట్టి ఉంచినది.

పాశ్చాత్య నాగరికత అనగానే మన మనస్సులో ఒక తిన్నని బాట కనిపిస్తుంది. ఏథెన్సులో బయలుదేరి, రోము మీదుగా సాగి, నడుమ కొంత చీకటిలో మునిగి, ఇటలీలో పునరుజ్జీవనం పేరుతో మళ్లీ పైకి వచ్చి, లండను చేరి, అక్కడి నుండి ఓడలో మదరాసుకు వచ్చిన బాట అది. కళాశాలలో మాకు చెప్పిన పాఠం ఇదే. 1914లో కట్టమంచి రామలింగారెడ్డిగారు ‘కవిత్వతత్త్వ విచారము’ ప్రకటించిన నాటి నుండి తెలుగు విమర్శలో సాగుతున్న వాదానికి కూడా ఈ బాటయే ఆధారం. ఒక పక్షం వారు పాశ్చాత్యపు కొలబద్దతో మన కావ్యాలను కొలవరాదన్నారు. రెండవ పక్షం వారు కొలిచి తీరవలెనన్నారు. ఆ కొలబద్ద పాశ్చాత్యులదే అని మాత్రం ఇరువురూ నమ్మినారు.

అబ్బాసీ ఖలీఫా అల్ మన్సూర్ 762లో బాగ్దాదు నగరానికి పునాది వేసినాడు. ఆ తరువాత రెండు శతాబ్దాల పాటు ఆ నగరంలో జరిగిన అనువాద కార్యం వంటిది అంతకు ముందు లోకంలో ఎక్కడా జరిగినట్లు లేదు. పహ్లవీ నుండి, సంస్కృతం నుండి, అన్నింటికన్న ఎక్కువగా గ్రీకు నుండి గ్రంథాలు అరబ్బీలోనికి వచ్చినవి. చేసినవారిలో ఎక్కువమంది సిరియాక్ భాష మాట్లాడే క్రైస్తవులు. చేయించినవారు ముస్లిం ప్రభువులు, మంత్రులు, ధనికులు. వీరిలో అగ్రగణ్యుడు హునైన్ ఇబ్న్ ఇస్‌హాఖ్. ఇతడు 809 మొదలు 873 వరకు జీవించినాడు, వైద్యుడు. గాలెన్ వైద్యగ్రంథాల అనువాదాలను గూర్చి ఇతడు వ్రాసిన లేఖలో 129 గ్రంథాల ప్రసక్తి ఉన్నది. ఏ గ్రంథాన్ని ఎవరు అనువదించినారో, అది బాగున్నదో లేదో, తాను ఏ వయస్సులో చేసినాడో, పిదప ఎట్లు దిద్దుకొన్నాడో అన్నీ చెప్పినాడు. ఒక గ్రంథానికి వీలైనన్ని వ్రాతప్రతులు సేకరించి, వాటిని సరిపోల్చి, మొదట గ్రీకు పాఠాన్ని నిర్ధారణ చేసుకొని, ఆ తరువాతనే అనువాదానికి దిగడం ఇతని పద్ధతి. మన తాళపత్ర పరిష్కర్తలు ఎరిగిన శ్రమయే ఇది. అనువాదకుడు తన పాత అనువాదం బాగులేదని తానే వ్రాసిపెట్టుకొనడం మాత్రం మనలో అరుదు.

అరిస్టాటిల్ కావ్యశాస్త్రం హునైన్ తరువాతి తరంలో అరబ్బీలోనికి వచ్చినది. అయితే అది కవుల చేతికి రాలేదు. తార్కికుల చేతికి వచ్చినది. అలెగ్జాండ్రియా పండితులు ఏనాడో అరిస్టాటిల్ తర్కగ్రంథాల వరుసలో చివరగా అలంకార శాస్త్రాన్ని, కావ్యశాస్త్రాన్ని చేర్చినారు. కావ్యం కూడా ఒక విధమైన వాదమే అని వారి ఊహ. ఆ వరుస ప్రకారమే అది బాగ్దాదు తార్కికుడు అబూ బిష్ర్ మత్తాకు సంక్రమించినది. మత్తా క్రైస్తవుడు, అల్ ఫారాబీకి గురువు, 940లో మరణించినాడు. ఆయనకు గ్రీకు రాదు. సిరియాక్ అనువాదాన్ని చూచి అరబ్బీ చేసినాడు.

ట్రాజెడీ అనే మాట వచ్చినది. అరబ్బీ వాఙ్మయంలో నాటకం లేదు. కావ్యం ఉన్నది, అపారంగా ఉన్నది; రంగస్థలం మీద ఒకడు మరొకడుగా నిలిచి మాట్లాడే కళ లేదు. మత్తా ట్రాజెడీకి ‘మదీహ్’ అని వ్రాసినాడు, అనగా స్తుతి. కామెడీకి ‘హిజా’ అని వ్రాసినాడు, అనగా నింద. ఇది చూచి నవ్వుకొన్న పండితులు చాలామంది ఉన్నారు. నాకు నవ్వు రాలేదు. నాలుగవ అధ్యాయంలో అరిస్టాటిలే, కవులలో గంభీర స్వభావులు మొదట దేవతలను, మహనీయులను స్తుతించినారనీ, తేలిక స్వభావులు నిందాపద్యాలు చెప్పినారనీ, వాటి నుండియే తరువాతి రూపాలు పుట్టినవనీ అంటాడు. మత్తా ఊహించి వ్రాయలేదు. గ్రంథంలోనే ఉన్న ఒక ఆధారాన్ని పట్టుకొని, తన పాఠకులకు తెలిసిన రెండు కావ్యభేదాలను దానికి జత చేసినాడు. చూడని వస్తువుకు పేరు పెట్టవలసిన వాడు అంతకన్న ఏమి చేయగలడు?

మత్తాకు బ్రతికి ఉండగానే ఎగతాళి తప్పలేదు. ఒక మంత్రి సభలో అల్ సీరాఫీ అనే వైయాకరణి ఆయనను నిలదీసినాడు. తర్కం తర్కమని నీవు పొగడేది గ్రీకుల వ్యాకరణమే కదా, ఆ గ్రీకు నీకు రాదు కదా, మధ్యలో మరొక భాష నుండి తెచ్చుకొన్నది కదా, భాష మారినప్పుడు అర్థం చెడలేదని ఎట్లా నమ్ముతావు అని అడిగినాడు. అర్థం అన్ని జాతులకూ ఒక్కటే అని మత్తా జవాబు. సభ సీరాఫీని మెచ్చినది. ఆ వాదాన్ని వ్రాసిపెట్టిన అల్ తౌహీదీ కూడా ఆయన పక్షమే. ఇంగ్లీషు ద్వారా రష్యను నవలనో, ఫ్రెంచి కథనో తెలుగు చేసిన మా బోటి వారికి సీరాఫీ ప్రశ్న ఇప్పటికీ చెవిలో మ్రోగుతుంది.

రెండు శతాబ్దాల తరువాత మత్తా అనువాదం పశ్చిమాన స్పెయిను దేశం చేరి కార్డోబా పండితుడు ఇబ్న్ రుష్ద్ ముందర నిలిచినది. ఐరోపా వారు అవెర్రోయిస్ అని పిలిచిన ఇతడు 1126లో పుట్టినాడు. ఖాజీగా న్యాయం చెప్పినాడు, వైద్యం చేసినాడు, అరిస్టాటిల్ గ్రంథాలకు జీవితమంతా వ్యాఖ్యానాలు వ్రాసినాడు. కావ్యశాస్త్ర వ్యాఖ్యానం మొదట్లోనే ఆయన తన ఉద్దేశం చెప్పుకొన్నాడు. గ్రీకులకు మాత్రమే చెందిన విషయాలను విడిచి, అన్ని జాతుల కవిత్వానికి గాని, అధిక జాతుల కవిత్వానికి గాని వర్తించే సాధారణ సూత్రాలను ఏరి చూపుతానన్నాడు. ఆ మాట చదివినప్పుడు నేను పుస్తకం మూసి కొంతసేపు ఊరుకొన్నాను. రసం సార్వత్రికమా, భారతీయమా అని మనం చేసుకొనే చర్చకు పన్నెండవ శతాబ్దిలో పాదు వేసిన వాక్యం అది.

గ్రీకు నాటకాల ఉదాహరణలు తీసివేసి ఇబ్న్ రుష్ద్ ఆ స్థానంలో ఇమ్రు అల్ ఖైస్, అబూ తమ్మామ్, ముతనబ్బీ మొదలైన అరబ్బు కవుల పద్యాలు పెట్టినాడు. జాలి, భయం కలిగించే ఇతివృత్తానికి కుమారుని బలి ఇవ్వమని దైవాజ్ఞ పొందిన ఇబ్రహీము కథను చూపినాడు. ఇఫిజెనియా కథకు అది ఎంత దగ్గరగా ఉన్నదో గమనించండి. అక్కడ కత్తి ఆగినది, ఇక్కడా ఆగినది. గ్రీకు నాటకం ఒక్కటీ చూడని వాడు, చదవని వాడు, ‘స్తుతి’ అనే తప్పు మాట చేత పట్టుకొని కూడా అరిస్టాటిల్ మెచ్చిన ఇతివృత్తం వంటిదానినే తన శ్రుతులలో నుండి ఎన్నుకొన్నాడు. అర్జెంటీనా రచయిత బోర్హెస్ ఈ పండితుని తపన మీద 1947లో ఒక కథ వ్రాసినాడు. నాటకమంటే ఏమిటో తెలియక ఆయన తల పట్టుకొని కూర్చుండగా కిటికీ క్రింద పిల్లలు వేషాలు కట్టి ఆడుకొంటూ ఉంటారు. గొప్ప కథ. అయినా అందులోని ఇబ్న్ రుష్ద్ ఓడిపోయినవాడు. వ్యాఖ్యానం చదివిన తరువాత నాకు ఆయన అట్లా కనిపించలేదు.

ఆయన ఓటమి వేరే చోట ఉన్నది. 1195లో ఖలీఫా ఆగ్రహానికి గురియై లుసేనా గ్రామానికి వెడలగొట్టబడినాడు. ఆయన తత్త్వగ్రంథాలను కాల్చివేసినారు. మళ్లీ ఆదరణ పొందిన కొద్దికాలానికే 1198లో మరాకేషులో మరణించినాడు. శవాన్ని కార్డోబాకు తరలించినప్పుడు వాహన పశువు వీపు మీద ఒక వైపు శవపేటిక, బరువు సరితూగడానికి రెండవ వైపు ఆయన గ్రంథాలు కట్టినారని, ఆ దృశ్యం కన్నులారా చూచిన ఇబ్న్ అరబీ వ్రాసినాడు.

టొలెడో నగరాన్ని కస్తీలు రాజు 1085లో ముస్లిం పాలకుల నుండి పుచ్చుకొన్నాడు. ఊరు మారినా ఊరిలోని అరబ్బీ పుస్తకాలు, అరబ్బీ తెలిసిన యూదులు, క్రైస్తవులు అక్కడే ఉన్నారు. ఐరోపా నలుమూలల నుండి పండితులు అక్కడికి రాసాగినారు. ఇటలీలోని క్రెమోనా నుండి గెరార్డ్ అనే వాడు టాలమీ ఖగోళ గ్రంథం కోసం వచ్చి, దానిని అరబ్బీ నుండి లాటిను చేసి, ఆపైన డెబ్బైకి మించి గ్రంథాలు అనువదించి 1187లో మరణించే వరకు ఆ పనిలోనే ఉన్నాడు. ఇద్దరు కూర్చుండి చేసే పద్ధతి కూడా అక్కడ ఉండేది. ఇబ్న్ సీనా ఆత్మవిచార గ్రంథాన్ని యూదు పండితుడు ఒకడు అరబ్బీలో చదివి, మాట మాటగా ఊరి భాషలో చెప్పగా గుండిసాల్వి అనే చర్చి అధికారి లాటినులో వ్రాసినాడు. కడపలో బ్రౌను దొర కొలువులోని పండితుల పని గుర్తుకు వచ్చినది నాకు.

ఈ టొలెడోలోనే 1256లో హెర్మన్ అనే జర్మను పండితుడు కావ్యశాస్త్రానికి చేయి వేసినాడు. మొదట అరిస్టాటిల్ గ్రంథాన్నే అనువదించబోయి, గ్రీకు ఛందస్సుకు అరబ్బీ ఛందస్సుకు గల దూరం వలన, మాటల క్లిష్టత వలన సాగక, దానిని విడిచి ఇబ్న్ రుష్ద్ వ్యాఖ్యానాన్ని లాటిను చేసినానని పీఠికలో ఒప్పుకొన్నాడు. ఇట్లు ట్రాజెడీ లాటినులోనికి ‘స్తుతికళ’గా ప్రవేశించినది. 1278లో మోర్‌బెకె విలియం అనే సన్న్యాసి నేరుగా గ్రీకు నుండి మరొక అనువాదం చేసినాడు. అది సరియైనది. చిత్రమేమంటే, సరియైన అనువాదానికి నేడు మిగిలినవి రెండే వ్రాతప్రతులు. హెర్మన్ అనువాదానికి ఇరవైకి పైగా ఉన్నవి. స్తుతి, నింద ఐరోపా పాఠశాలలలో ప్రతి విద్యార్థికీ తెలిసిన విషయాలు. గ్రీకు నాటకం అక్కడా ఎవరికీ తెలియదు. కనుక అర్థమైన అరిస్టాటిలును చదివినారు, అర్థం కాని అరిస్టాటిలును అటక మీద పెట్టినారు.

వెనీసులో 1481లో హెర్మన్ అనువాదం అచ్చుపడినది. వల్లా గ్రీకు నుండి చేసిన లాటిను అనువాదం 1498లో, గ్రీకు మూలం ఆల్డస్ ముద్రణాలయంలో 1508లో వెలువడినవి. అరిస్టాటిల్ కావ్యశాస్త్రమని ఐరోపాలో మొదట అచ్చయినది కార్డోబా ఖాజీ మాటయే అన్నమాట.

అటు పిమ్మట మరపు మొదలైనది. నిజానికి అంతకు ముందే మొదలైనది. పధ్నాలుగవ శతాబ్దిలోనే పెట్రార్కు తన వైద్యమిత్రునికి వ్రాసిన లేఖలో అరబ్బులను దూషించి, వారి కవులను తానెరుగుదుననీ, అంత నిస్సారమైన కవిత్వం మరొకటి లేదనీ అన్నాడు. ఆయనకు అరబ్బీ రాదు. హెర్మన్ లాటినులో సగం సగంగా తెచ్చిన ఆ పద్యాల వలననే ఆయనకు వారి కవిత్వం తెలిసి ఉండునని పండితుల ఊహ. 1500 ప్రాంతంలో గ్రానడాలో కార్డినల్ సిస్నెరోస్ అరబ్బీ గ్రంథాలను రాశిపోసి తగులబెట్టించినాడు. వైద్యగ్రంథాలను మాత్రం ఏరి దాచుకొన్నాడు. మన వైపు ఈ కథ 1835లో వచ్చి తగిలినది. భారతీయుల విద్యను గూర్చిన ప్రసిద్ధ నివేదికలో మెకాలే, మంచి ఐరోపా గ్రంథాలయంలోని ఒక్క అలమరకు సరిరాని వాఙ్మయాలని రెండింటిని తీసిపారవేసినాడు. ఆ రెండు భాషలూ తనకు రావని కూడా అందులోనే ఒప్పుకొన్నాడు. ఒకటి సంస్కృతం. రెండవది అరబ్బీ.

ఇక్కడ మనవారికి ఒక ఉత్సాహం కలుగుతుంది. సమస్తం మన దగ్గర నుండే పోయినదని చెప్పుకొనే ఉత్సాహం. పోయినవి ఉన్నవి, కాదనను. సంస్కృత గణితంలోని ‘జ్యా’, ‘జీవా’ అనే మాట అరబ్బీలో ‘జీబ’ అయినది. అచ్చులు వ్రాయని లిపి గనుక తరువాతివారు దానిని ‘జైబ్’ అని చదివినారు. అనగా వస్త్రపు మడత, ఎద. లాటిను అనువాదకులు ఆ అర్థానికి తమ భాషలో ‘సైనస్’ అన్నారు. వింటినారి మడతబట్ట అయి, ‘సైన్’ పేరుతో మన పాఠశాలలకు తిరిగి వచ్చినది. మన చొక్కా జేబు కూడా ఆ ‘జైబ్’ అన్న మాటే. పంచతంత్రం ఆరవ శతాబ్దిలో పహ్లవీలోనికి, ఎనిమిదవ శతాబ్దిలో ఇబ్న్ అల్ ముఖఫ్ఫా చేతుల మీదుగా అరబ్బీలోనికి, 1251లో కస్తీలు భాషలోనికి పోయి, అనేక మార్గాల పారిసు చేరినది. 1678 నాటి సంపుటంలో లా ఫొంతేన్ తన కథలలో అధిక భాగానికి భారతీయ ఋషి ఒకనికి ఋణపడినానని చెప్పినాడు. దూబగుంట నారాయణకవి పద్యంలో, చిన్నయసూరి 1853లో గద్యంలో మనకు చెప్పిన కథల చుట్టాలే అవి. అయితే, కావ్యశాస్త్రం విషయంలో మన పాత్ర ఏమీ లేదు. గ్రీకు మూలాన్ని కాపాడినవారు కాన్‌స్టాంటినోపిల్ లేఖకులు. పదవ శతాబ్దిలో అక్కడ వ్రాసిన ప్రతియే నేటి ముద్రణలన్నింటికీ ముఖ్యాధారం. అరబ్బులే ఐరోపాకు అరిస్టాటిలును ఇచ్చినారనడం కూడా అతిశయోక్తియే. అనేక గ్రంథాలు నేరుగా గ్రీకు నుండియే పోయినవి. మరొక సంగతి. టొలెడో చేతులు మారినది యుద్ధంలో. మోర్‌బెకె విలియం కొరింథుకు ఆర్చిబిషప్పు కాగలిగినది 1204లో లాటిను సేనలు కాన్‌స్టాంటినోపిల్‌ను కొల్లగొట్టి గ్రీకు భూములు పంచుకొన్న తరువాతనే. అనువాదకుడు సైన్యం వెనుక నడిచిన సందర్భాలు చరిత్రలో మనం ఒప్పుకొనగలిగినదాని కన్న ఎక్కువ.

మత్తా ‘స్తుతి’ని చూచి నవ్వినవారు తమ మాటను గూర్చి కూడా ఆలోచించవలసి ఉన్నది. ట్రాజెడీ అంటే విషాదంతో ముగిసేది అనే భావం అరిస్టాటిల్‌ది కాదు. మధ్యయుగాల ఐరోపాలో నాటకం కనుమరుగైనప్పుడు, ఉన్నత స్థితి నుండి పతనమైనవాని కథకు ఆ పేరు పెట్టినారు. చాసర్ కావ్యంలోని సన్న్యాసి ఇచ్చే నిర్వచనం అదే. షేక్స్‌పియరు నాటకాలతో ఆ అర్థం స్థిరపడి ఇంగ్లీషు వెంట బళ్లారికి వచ్చినది. ధర్మవరం రామకృష్ణమాచార్యులవారి ‘విషాద సారంగధర’ను తెలుగులో తొలి ట్రాజెడీ అంటున్నాము. ఆ పేరులోని ‘విషాదం’లో అరిస్టాటిల్ కన్న చాసర్ సన్న్యాసి ఎక్కువగా ఉన్నాడు. ఆచార్యులవారి నాటకం దాని వలన చిన్నది కాలేదు. తప్పు అర్థం నుండి ఒక కొత్త ప్రక్రియ మనకు దక్కినది.

మత్తా అరబ్బీ అనువాదానికి మిగిలినది ఒకే ఒక వ్రాతప్రతి. అది పారిసు జాతీయ గ్రంథాలయంలో ఉన్నది. ఆయన ముందున్న సిరియాక్ అనువాదం నశించినది. పదమూడవ శతాబ్ది గ్రంథంలో ఉదాహరించబడి ఒక్క ముక్క మాత్రం నిలిచినది. ఆ ముక్క ట్రాజెడీ నిర్వచనమే! పంతొమ్మిదవ శతాబ్ది చివర మార్గోలియత్ అనే ఆక్స్‌ఫర్డు ఆచార్యుడు ఈ అరబ్బీ ప్రతిని పరిశీలించి, దాని వెనుక ఉన్న గ్రీకు ప్రతి, నేడు లభించే గ్రీకు ప్రతులన్నింటి కన్న ప్రాచీనమైనదని గుర్తించినాడు. మత్తా అర్థం తెలియని చోట మాటకు మాట పెట్టుకొంటూ పోయినాడు. ఆయన తెలివిగా సవరించి ఉంటే మూలం మరుగునపడి ఉండేది. 2012లో తారాన్, గుటాస్ అనే పండితులు ప్రకటించిన కావ్యశాస్త్ర పరిష్కరణలో గ్రీకు పాఠంతో పాటు సిరియాక్, అరబ్బీ సాక్ష్యాలు అడుగడుగునా ఉన్నవి. గ్రీకు రాదని బాగ్దాదు సభలో నవ్వులపాలైనవాని మాట పట్టుకొని నేడు గ్రీకు పాఠాన్ని దిద్దుకొంటున్నారు.

నా ఆరవ అధ్యాయం మాట చెప్పలేదు. ‘విషాదాంతం’ కొట్టివేసి ‘ట్రాజెడీ’ అనే ఉంచినాను. ‘గంభీర నాటకం’ అని ఒక మిత్రుడు సూచించినాడు. వ్రాసి చూచుకొన్నాను, మనస్సుకు ఎక్కలేదు. అంచున పెన్సిలుతో ‘మదీహ్’ అని వ్రాసిపెట్టినాను. ఇప్పుడు పన్నెండవ అధ్యాయంలో ఉన్నాను. అక్కడ ‘కోరస్’ ఉన్నది.